మెట్టకు చేరిన చదువు: గ్రంథాలయ పడవ నుంచి విద్యార్థి ల్యాప్‌టాప్ దాకా

అయ్యంకి వెంకటరమణయ్య స్మారకోపన్యాసం
(గ్రంథాలయ వారోత్సవాల సందర్భంగా నూజివీడులో చదివిన ప్రసంగ పాఠం)



1890లో కొంకుదురులో పుట్టి, 1979లో కన్నుమూసే వరకు పుస్తకాన్ని ఊరి నడిబొడ్డుకు తేవడమే పనిగా బతికిన అయ్యంకి వెంకటరమణయ్య గారి స్మృతిలో ఈ ప్రసంగం చేస్తున్నాను. గ్రంథాలయోద్యమ పితామహుడిగా తెలుగువారు ఆయన్ను తలుచుకుంటారు. ఆయన పేరిట జరిగే సభలో పుస్తకాల గురించి మాట్లాడటం ఆనవాయితీ. నేను ఈ రోజు విద్యార్థి జీవితం గురించి, అతని చేతిలోని తెర గురించి మాట్లాడదలిచాను. ఇది ఆనవాయితీ తప్పడమేమీ కాదని ప్రసంగం ముగిసేలోగా మీకు తోస్తుందని ఆశిస్తున్నాను.

ఫోను వచ్చింది, పుస్తకం పోయింది అన్న మాట ఇటువంటి సభల్లో తరచుగా వినిపిస్తుంది. దాన్ని అటూ ఇటూ వాదించే బదులు కొంచెం వెనక్కి వెళ్లి చూద్దాం. గడిచిన నూటపాతికేళ్లలో తెలుగు పల్లెకు చదువు అనేక సాధనాల మీద ఎక్కి వచ్చింది. పడవ మీద వచ్చింది, హాస్టలు గదిలోకి వచ్చింది, ఇప్పుడు సెల్ టవర్ మీదుగా వస్తోంది. సాధనం మారిన ప్రతిసారీ అది ఎంతమందికి అందిందని లెక్క కట్టుకున్నాం. చరిత్రను నిదానంగా చదివితే ఇంకో ప్రశ్న బరువైనదిగా కనబడుతుంది. ఆ సాధనం చుట్టూ ఎలాంటి సమూహం ఏర్పడింది? ఆ సమూహం చదివి ఊరుకుందా, లోకానికి తిరిగి ఏదైనా రాసి ఇచ్చిందా? పరికరం ఒక్కొక్కరి చేతికీ విడివిడిగా అందుతుంది. చదువు మాత్రం పదిమంది మధ్య నిలబడుతుంది. ఈ రోజు నేను చెప్పదలిచింది ఇంతే. దీనికి సాక్ష్యాలు మీ ఊరి చుట్టుపక్కలే ఉన్నాయి.

కాలువ వెంట పుస్తకం

1852లో ధవళేశ్వరం దగ్గర గోదావరికి, 1855లో విజయవాడ దగ్గర కృష్ణకు ఆనకట్టలు పూర్తయ్యాయి. వాటి నుంచి తీసిన పెద్ద కాలువలు పొలాలకు నీరు పెట్టడంతోపాటు పడవలకు దారి కూడా అయ్యాయి. ధాన్యం పట్టణానికి వెళ్లింది. పట్టణం నుంచి ఉత్తరాలు, పత్రికలు, కొత్త ఆలోచనలు ఊళ్లకు వచ్చాయి. మిగులు చూసిన రైతు కొడుకును బడికి పంపాడు. అచ్చు యంత్రాలు, నాటక సమాజాలు, పఠన మందిరాలు డెల్టాలో ముందుగా వేళ్లూనడానికి ఈ నీరు, ఈ రాకపోకలు ప్రధాన కారణం. ఇప్పటి మాటలో చెప్పాలంటే ఆంధ్రదేశంలో మొదటి నెట్‌వర్క్ కాలువే.

ఆ నేల మీదే గ్రంథాలయోద్యమం పుట్టింది. 1911లో విజయవాడలో రామమోహన గ్రంథాలయం ఏర్పడింది. 1914 ఏప్రిల్‌లో అక్కడే చిలకమర్తి లక్ష్మీనరసింహం గారి అధ్యక్షతన జరిగిన సమావేశం ఆంధ్రదేశ గ్రంథాలయ సంఘానికి పునాది వేసింది. ఊరూరా ఉన్న చిన్నచిన్న పుస్తక భాండాగారాలను ఒక సంఘంగా కలపాలన్న ఆలోచన ఇతర ప్రాంతాల కంటే ముందు ఇక్కడ కార్యరూపం దాల్చింది. అయ్యంకి వారు ‘గ్రంథాలయ సర్వస్వం’ అనే పత్రికను నడిపారు. గ్రంథాలయాలు ఒకదానితో ఒకటి మాట్లాడుకోవడానికి అదే వేదిక అయింది. 1919లో మద్రాసులో అఖిల భారత గ్రంథాలయ మహాసభ జరగడం వెనుక కూడా ఆయన కృషి ఉంది.

ఈ చరిత్రలో మనం సాధారణంగా గమనించని విషయం దాని వయసు. ఉద్యమాన్ని నడిపినవారిలో చాలామంది ఇరవైలలో ఉన్న యువకులు. రామమోహన గ్రంథాలయం ఏర్పడేనాటికి అయ్యంకి వారికి ఇరవై ఏళ్ల పైచిలుకే. వేటపాలెంలో 1918లో యువజన సంఘంగా మొదలైన ప్రయత్నం సారస్వత నికేతనమైంది. 1929లో దాని భవనానికి గాంధీజీ శంకుస్థాపన చేశారు. పుస్తకం ఆ తరం యువతకు కొత్త మాధ్యమం. ఆ మాధ్యమంతో వారు ఇల్లు కదలకుండా కూర్చోలేదు. చందాలు వసూలు చేశారు, జాబితాలు రాశారు, రాత్రి బడులు పెట్టారు, చదువు రానివారికి పత్రికలు చదివి వినిపించారు. పాఠకుడే కార్యకర్త అయ్యాడు.

1935లో పాతూరి నాగభూషణం గారు గుంటూరు జిల్లాలో పెదవడ్లపూడి, కొల్లూరుల మధ్య కాలువ మీద పడవలో గ్రంథాలయం నడిపారు. పుస్తకాలు నింపుకొన్న పడవ ఊరి రేవులో ఆగేది. చదువరులు పాతవి తిరిగిచ్చి కొత్తవి తీసుకునేవారు. పడవ మళ్లీ వచ్చేలోగా పుస్తకం పూర్తి చేయాలి. ఒకరు చదివింది ఇంకొకరికి దక్కాలి. కొరత మనుషులను కలిపింది. ఒక ప్రతిని పదిమంది పంచుకోవలసి రావడంలోంచే చర్చ పుట్టింది.

అయితే పడవ కాలువ దాటి వెళ్లలేదు. కాలువ నీరు ఎక్కని మెట్టకు డెల్టా వైభవం ఆలస్యంగా, పలచగా చేరింది. నూజివీడు అటువంటి నేల. ఎర్ర భూములు, వాన మీద ఆధారం, జమీందారీ పాలన. ఈ నేల తన దారి తాను వెతుక్కొని మామిడిని నమ్ముకుంది. చిన్న రసాలు, పెద్ద రసాలు, చెరుకు రసాలు, బంగినపల్లి, సువర్ణరేఖ, కలెక్టరు కాయ ఇక్కడి తోటలకు పేరు తెచ్చాయి. సంగీతానికి వీణలు కూడా ఈ ఊరు చేసి పెట్టింది. ఉన్నత విద్యలోనూ ఊరు వెనుకబడాలని కోరుకోలేదు. ధర్మ అప్పారావు కళాశాల ఈ ప్రాంతంలో అనేక కుటుంబాలకు మొదటి పట్టభద్రుణ్ణి ఇచ్చింది. ఇక్కడి మేకా రంగయ్య అప్పారావు గారు రాష్ట్ర మంత్రిగానే కాక ఆంధ్ర విశ్వవిద్యాలయ ఉపకులపతిగా కూడా పనిచేశారు.

కానీ మామిడి రైతుకు ఆదాయం ఏడాదికి ఒక్కసారే. పూత నిలవకపోయినా, గాలివాన కాయను రాల్చినా ఆ ఏడాది పిల్లల ఫీజులు ప్రశ్నార్థకమే. తోటను ముందుగానే గుత్తకు ఇచ్చేసిన రైతుకు నున్న మామిడి మార్కెట్లో ధర పెరిగినా దక్కేది స్వల్పం. కాయ కోసే కూలీ కుటుంబానికి ఆ మాత్రం భరోసా కూడా లేదు. ఆగిరిపల్లి, ముసునూరు, చాట్రాయి, రెడ్డిగూడెం వైపు పల్లెల్లో తెలివైన పిల్ల పదో తరగతితో ఆగిపోవడానికి తెలివి తక్కువ కావడం ఏనాడూ కారణం కాదు. దగ్గరలో చదివించే చోటు, చదువుకునే గది, పక్కన చదివే తోడు లేకపోవడమే కారణం.

వారాల నుంచి వసతి గృహం దాకా

చదువు కోసం ఊరు విడిచిన పిల్లవాడు ఎక్కడ తిన్నాడు, ఎక్కడ పడుకున్నాడు అన్న ప్రశ్న మన విద్యాచరిత్రలో పాఠ్యపుస్తకమంత ముఖ్యమైనది. ఒకప్పుడు దానికి జవాబు వారాలు. సోమవారం ఒక ఇల్లు, మంగళవారం మరో ఇల్లు. ఏడు ఇళ్ల అన్నంతో ఒక చదువు పూర్తయ్యేది. ఆ దాతృత్వంలో గొప్పతనం ఉంది. దాని గడప ఏయే కులాల పిల్లలకు తెరుచుకుందో గుర్తుంచుకుంటే దాని హద్దు కూడా తెలుస్తుంది. చాలామందికి ఆ ఏడు ఇళ్లలో ఒక్కటీ లేదు.

ఇరవయ్యో శతాబ్దం తొలి దశాబ్దాల్లో వచ్చిన వసతి గృహాలు ఈ పరిస్థితిని కొంత మార్చాయి. 1918లో హైదరాబాదులో మొదలైన రెడ్డి హాస్టలు ఒక ఉదాహరణ. సురవరం ప్రతాపరెడ్డి గారు ఆ హాస్టలు బాధ్యతలు చూసినవారే. 1926లో ఆయన ‘గోలకొండ పత్రిక’ పెట్టారు. తెలంగాణలో కవులు లేరన్న మాటకు జవాబుగా 1934లో 354 మంది కవులతో ‘గోలకొండ కవుల సంచిక’ తెచ్చారు. హాస్టలు, గ్రంథాలయం, పత్రిక ఒకే చేతుల మీదుగా నడిచినప్పుడు ఏం జరుగుతుందో ఆ సంచిక చూపిస్తుంది. చదువుకున్నవారు తమ ప్రాంతాన్ని తామే నమోదు చేసుకున్నారు.

స్వాతంత్ర్యం తరువాత సంక్షేమ హాస్టళ్లు దళిత, గిరిజన, వెనుకబడిన వర్గాల పిల్లలకు మొదటిసారి పట్టణంలో పడుకునే చోటు ఇచ్చాయి. 1971లో నల్గొండ జిల్లా సర్వేలులో పి.వి. నరసింహారావు గారి చొరవతో గురుకుల పాఠశాల మొదలైంది. ప్రతిభ ఉన్న పల్లె పిల్లలను ఒకచోట చేర్చి, తిండి, బట్ట, చదువు ప్రభుత్వమే చూడాలన్న ఆలోచన అక్కడ రూపం కట్టింది. నేటి గురుకులాల విస్తారమైన వ్యవస్థకు అది మొదలు. ఈ క్రమంలో నేర్చుకున్న పాఠం ఒకటే. పుస్తకం ఇచ్చి ఇంటికి పంపితే సరిపోదు. చదివే తోటివారి మధ్య పిల్లను ఉంచాలి.

దీనికి సమాంతరంగా ఇంకో వసతి చదువు కూడా పెరిగింది. విజయవాడ చుట్టుపక్కల ఇంటర్మీడియట్ వసతి కళాశాలలు రెండు తెలుగు రాష్ట్రాల పిల్లలనూ ఆకర్షించాయి. అక్కడ తోడు ఉంది, కానీ ఆ తోడు ర్యాంకు పోటీకి లోబడినది. తెల్లవారు జామున మొదలై రాత్రి పొద్దుపోయే దాకా సాగే ఆ దినచర్యలో ఫోను నిషిద్ధ వస్తువు, సాహిత్యం కాలహరణం. రెండేళ్లు సంపూర్ణ నిషేధంలో గడిపిన పిల్లవాడు ఇంజనీరింగ్‌లో చేరిన రోజున సంపూర్ణ స్వేచ్ఛలోకి అడుగు పెడతాడు. ఈ రెంటి మధ్య నడక నేర్పిన పాఠశాల మనకు లేదు. మన యువతరం తెర ముందు తడబడటానికి వారి స్వభావం కంటే ఈ ఖాళీయే ఎక్కువ కారణం.

మెట్టకు వచ్చిన నెట్‌వర్క్

2008లో రాజీవ్ గాంధీ వైజ్ఞానిక సాంకేతిక విశ్వవిద్యాలయం, జనం నోట ట్రిపుల్ ఐటీ, ఏర్పడింది. మూడు ప్రాంగణాలు: నూజివీడు, ఇడుపులపాయ, బాసర. ఆ మూడు చోట్లనూ ఒకసారి పటం మీద చూడండి. డెల్టా నడుమ ఒక్కటీ లేదు. మహానగరం పక్కన ఒక్కటీ లేదు. చరిత్రలో మొదటిసారి ఒక పెద్ద విద్యా నెట్‌వర్క్ సంపన్నమైన కాలువ గట్లను వదిలి మెట్ట మీద దిగింది. రాష్ట్ర విభజనతో బాసర తెలంగాణకు వెళ్లింది. 2016లో ఒంగోలు, శ్రీకాకుళం ప్రాంగణాలు తోడయ్యాయి. నూజివీడు మాత్రం 2022లో కృష్ణా జిల్లా నుంచి ఏలూరు జిల్లాకు మారినా, ఆ పేరు చెబితే పల్లె ఇళ్లలో మామిడితో పాటు ట్రిపుల్ ఐటీ గుర్తుకు వచ్చేంతగా స్థిరపడింది.

ఈ విశ్వవిద్యాలయానికి తొలి కులపతి ఆచార్య రాజ్ రెడ్డి. చిత్తూరు జిల్లా కాటూరులో పుట్టి, ఇసుకలో అక్షరాలు దిద్ది, మాటను కంప్యూటరుకు వినిపించే పరిశోధనలో మార్గదర్శకుడై, 1994లో ట్యూరింగ్ పురస్కారం అందుకున్నారు. 1980లలో పారిస్‌లో కంప్యూటరును పేద దేశాల ప్రజలకు చేర్చే ఉద్దేశంతో నెలకొల్పిన ప్రపంచ కేంద్రంలోనూ పనిచేశారు. పల్లె పిల్లకు మేలైన యంత్రం ఇస్తే నగరంలోని పిల్లతో సమానంగా నిలుస్తుందన్న ఆయన నమ్మకం నూజివీడు ప్రాంగణంలో పరీక్షకు వచ్చింది.

పద్ధతి కూడా కొత్తది. పదో తరగతి మార్కుల మీద ఎంపిక. ప్రభుత్వ పాఠశాలల్లో చదివినవారికి గ్రేడుకు 0.4 అదనంగా కలపడం ద్వారా వారి లేమిని లెక్కలోకి తీసుకున్నారు. ఇంటర్మీడియట్‌కు సమానమైన రెండేళ్ల పీయూసీ, నాలుగేళ్ల బీటెక్ కలిపి ఆరేళ్లు ఒకే చోట. తొలి ఏళ్లలో ఒక్కో ప్రాంగణంలో రెండు వేల మంది చేరారు. ప్రతి విద్యార్థికీ ల్యాప్‌టాప్. పాఠాలు తెర మీదికి వచ్చేవి. తరగతిలో మెంటార్లు పక్కన నిలబడేవారు. ఇటీవలి ప్రవేశ జాబితాల్లో ఆడపిల్లలదే పైచేయి కావడం ఈ ప్రయోగం సాధించిన నిశ్శబ్ద విప్లవం. పదహారేళ్ల కూతుర్ని ఆరేళ్లు దూరంగా ఉంచి చదివించడానికి పల్లె తల్లిదండ్రులు ఒప్పుకున్నారంటే వారు ఒక వసతి గృహాన్ని నమ్మారన్న మాట.

ఈ ప్రయోగం గురించి మాట్లాడేటప్పుడు పత్రికలు ల్యాప్‌టాప్‌ను ముందు పెట్టాయి. ఇక్కడి రైతులకు తెలిసిన ఒక సంగతితో దీన్ని పోల్చి చూడవచ్చు. బంగినపల్లి టెంక నాటితే బంగినపల్లి వస్తుందన్న హామీ లేదు. నాటు మొలక మీద అంటు కట్టాలి. కొమ్మ ఎంత మేలైనదైనా నిలబెట్టేది మొలక వేరే. నూజివీడులో ల్యాప్‌టాప్ మేలైన కొమ్మ. సర్వేలు నుంచి వచ్చిన వసతి విద్యా సంప్రదాయం దాన్ని నిలబెట్టే వేరు.

తెలుగు మాధ్యమంలో పది దాకా చదివిన పిల్ల మొదటి సెమిస్టరులో ఇంగ్లీషు పాఠం ముందు మౌనంగా కూర్చుంటుంది. ఆ మౌనాన్ని ఏ సాఫ్ట్‌వేరూ విడగొట్టలేదు. పక్క మంచం మీది పిల్ల రాత్రి భోజనం తరువాత తెలుగులో విడమరిచి చెబితే విడిపోతుంది. సీనియర్ల నోట్సు, పాత ప్రశ్నపత్రాలు, ఎన్‌పిటెల్ వీడియో పాఠాలు, రాసి పెట్టిన ప్రోగ్రాములు క్యాంపస్ నెట్‌వర్క్ మీద, పెన్‌డ్రైవుల మీద చేతులు మారడం వసతి కళాశాలల్లో ప్రతి తరం చూసిందే. పెదవడ్లపూడి పడవకు అసలైన వారసత్వం ఇది. ఒకరు తెచ్చిన దాన్ని పదిమంది పంచుకోవడం, పంచుకుంటూ మాట్లాడుకోవడం.

చవక డేటా వచ్చిన తరువాత

2016 సెప్టెంబరులో జియో రావడంతో దేశమంతటా మొబైల్ డేటా ధర కుప్పకూలింది. ఏళ్ల తరబడి కొరతలో బతికిన పల్లె విద్యార్థికి ఇది నిజమైన వరం. ఎంఐటీ పాఠం, ఉద్యోగ ప్రకటన, గేట్ శిక్షణ అన్నీ జేబులోకి వచ్చాయి. మీమ్స్ రూపంలో ఒక కొత్త హాస్య సాహిత్యమే పుట్టింది; బ్రహ్మానందం ముఖకవళికలు నేటి విద్యార్థులకు ఉమ్మడి సామెతల వంటివి. దీన్ని చిన్నచూపు చూడటం తగదు.

కానీ ఈ సమృద్ధి ఒక మార్పును కూడా మోసుకొచ్చింది. క్యాంపస్ నెట్‌వర్క్ ఉమ్మడి ఆస్తి; అందులో ఏముందో అందరికీ తెలుసు. ఫోనులోని ప్రవాహం ఎవరిది వారిది. ఒకే గదిలో నలుగురు నాలుగు వేర్వేరు లోకాల్లో ఉండటం సాధ్యమైంది. ఎవరికి ఏది చూపాలో నిర్ణయించేది గది మిత్రులో గ్రంథపాలకుడో కాదు, ఎక్కడో రాసిన ప్రోగ్రాము. కొరత కలిపిన మనుషులను సమృద్ధి విడదీయగలదు. పుస్తకం పోయిందన్న బాధ కంటే ఈ విడిపోవడమే మనం పట్టించుకోవలసిన విషయం.

2020 మార్చి దీన్ని కఠినంగా పరీక్షించింది. కోవిడ్‌తో వసతి గృహాలు ఖాళీ అయ్యాయి. పిల్లలు ఇళ్లకు వెళ్లారు. పదో తరగతి పరీక్షలు జరగకపోవడంతో ఆ ఏడాది ప్రవేశాలకు మార్కులు పక్కనబెట్టి రాత పరీక్ష పెట్టవలసి వచ్చింది. పాఠాలు ఆగలేదు, అదే ల్యాప్‌టాప్, అవే స్లైడ్లు. కానీ సిగ్నల్ కోసం డాబా ఎక్కాలి, చెరువు గట్టుకు వెళ్లాలి. ఇంట్లో ఒకే గది, ఒకే ఫోను, ఇద్దరు పిల్లలు. ఆడపిల్ల కెమెరా ఆపి పొయ్యి దగ్గరికి వెళ్లాలి. మగపిల్లాడు తోటలో కూలికి వెళ్లాలి. యంత్రం అలాగే ఉన్నా చదువు కుంగింది. తీసేసింది ఒక్కటే, సమూహం. ఇంతకు మించిన రుజువు మరొకటి అక్కరలేదు.

సమూహం ఉన్నప్పుడు అదే ఫోను ఏమి చేయగలదో 2022 జూన్‌లో బాసర చూపించింది. శాశ్వత ఉపకులపతి, ల్యాప్‌టాపులు, మంచి భోజనం వంటి డిమాండ్లతో విద్యార్థులు ఎండకూ వానకూ ఓర్చి దాదాపు వారం రోజులు ప్రాంగణ ద్వారం దగ్గర బైఠాయించారు. వారి ఫోటోలు, వీడియోలు రాష్ట్రమంతటా తిరిగాయి. ప్రభుత్వం మాట్లాడవలసి వచ్చింది. ఆ డిమాండ్ల మంచిచెడ్డలు నా విషయం కాదు. ఆరేళ్లు కలిసి తిని, కలిసి చదివినవారు తమ మాటను తాము కూర్చుకోగలిగారు. చేతిలోని యంత్రం ఆ మాటను మోసింది.

లిపి దగ్గర ఆగిన అడుగు

ఇప్పుడు పోలిక కోసం కొంచెం దూరం చూద్దాం. ఇండోనేషియా వేల దీవుల దేశం. దీవులను కలపడానికి 1976లోనే పాలపా అనే సొంత ఉపగ్రహాన్ని వాడుకున్నది. 1990లలో విశ్వవిద్యాలయ పట్టణాల్లో వార్నెట్ అనే చిన్న నెట్ కేంద్రాలు విస్తరించాయి. మన నెట్ సెంటర్ల వంటివే. 1998 మే నెలలో సుహార్తో పాలన కూలడంలో విద్యార్థులది పెద్ద పాత్ర. 2019లో మళ్లీ వేల మంది విద్యార్థులు వీధుల్లోకి వచ్చినప్పుడు పిలుపు హ్యాష్‌ట్యాగుల మీద ప్రయాణించింది. వారి విద్యార్థి జీవితం, డిజిటల్ జీవితం మన వాటికి చాలా దగ్గర.

ఒక్క చోట మాత్రం మనకూ వారికీ తేడా ఉంది. 1928 అక్టోబరు 28న అక్కడి యువజన మహాసభ ఒకే దేశం, ఒకే జాతి, ఒకే భాష అని ప్రతిజ్ఞ చేసింది. ఆ భాష రోమన్ లిపిలో ఉంది. కనుక కంప్యూటరు వచ్చిన రోజునే అక్కడి విద్యార్థి తన భాషలో, తన లిపిలో, ఏ ఆటంకమూ లేకుండా రాయగలిగాడు. మన విద్యార్థి ముందు మాత్రం ఇంగ్లీషు కీబోర్డు ఉంది.

తెలుగు సాంకేతికంగా వెనుకబడిందనుకోవడం పొరపాటు. 1991లో వెలువడిన యూనికోడ్ తొలి ప్రమాణంలోనే తెలుగుకు చోటు ఉంది. ‘ఈమాట’ అంతర్జాల పత్రిక 1998 నుంచి వెలువడుతోంది. తెలుగు వికీపీడియా 2003 డిసెంబరులో మొదలైంది. ‘లేఖిని’ వంటి సాధనాలతో ఇంగ్లీషు అక్షరాలు కొడితే తెలుగు వచ్చే సౌకర్యం ఏర్పడింది. ఈ పనుల్లో ఎక్కువ భాగం జీతం కోసం చేసినవి కావు. 1914నాటి స్ఫూర్తితో, ఎవరి ఇంట్లో వారు కూర్చొని, ఒక ఉమ్మడి ఆస్తిని కట్టారు. సాధనం సిద్ధంగా ఉంది. అయినా మన ప్రాంగణాల్లో తెలుగు వాట్సాప్‌లో రోమన్ అక్షరాల్లో తిరుగుతుంది, మీమ్స్‌లో నవ్విస్తుంది. జ్ఞానాన్ని మోయవలసిన చోట మాయమవుతుంది.

దీని మూల్యం ఇక మీదట పెరుగుతుంది. 2022 చివర నుంచి కృత్రిమ మేధ విద్యార్థి పక్కనే కూర్చుంది. ఒకప్పుడు సీనియరును అడిగిన సందేహాన్ని ఇప్పుడు యంత్రాన్ని అడుగుతున్నారు. ఆ యంత్రాలు మనుషులు రాసిపెట్టిన దాని నుంచే నేర్చుకుంటాయి. 2011 జనగణన ప్రకారం 8.11 కోట్ల మందికి మాతృభాష అయిన తెలుగులో విజ్ఞానం గురించి, వృత్తుల గురించి, మన ఊళ్ల గురించి రాతలు పలుచగా ఉంటే, రేపటి యంత్రం మనల్ని పలుచగానే ఎరుగుతుంది. తెలంగాణలో కవులు లేరన్న మాటకు సురవరం వారు కోపంతో కాక సంచికతో జవాబిచ్చారు. మన తరం మీద పడిన పని కూడా అదే జాతి పని.

చేయవలసింది

ఈ ప్రసంగాన్ని హెచ్చరికలతో ముగించడం అయ్యంకి వారి స్వభావానికి తగదు. ఆయన సభ పెడితే తీర్మానం ఉండేది, తీర్మానం వెనుక పని ఉండేది. మూడు పనులు ప్రతిపాదిస్తాను.

మొదటిది విద్యార్థులకు. మీ బీటెక్ ఆఖరి ఏడాది ప్రాజెక్టు నివేదికతో పాటు అదే పనిని తెలుగులో పది పుటల్లో రాయండి. ఇంగ్లీషు రాని మీ ఊరి పదో తరగతి విద్యార్థికి అర్థమయ్యేలా రాయండి. దాన్ని స్వేచ్ఛా లైసెన్సుతో అందరికీ అందుబాటులో పెట్టండి. మీ చుట్టూ ఉన్న తోటల మీద ఎన్ని ప్రాజెక్టులు చేయవచ్చో ఆలోచించండి: పూత, తెగుళ్లు, నిల్వ, నున్న మార్కెట్ ధరల కదలిక, గుత్త ఒప్పందాల తీరు. ఇక్కడి మామిడి పరిశోధన కేంద్రంలో ఉన్న శాస్త్రం, రైతు నోట ఉన్న అనుభవం ఒకే పుటలోకి రావలసి ఉంది. ఆ పుట రాయగల చదువు మీకు ఉంది. ఆ భాష మీ ఇంట్లో ఉంది.

రెండోది విశ్వవిద్యాలయానికి. పదహారేళ్ల వయసులో ల్యాప్‌టాప్ అందుకునే పిల్లకు దాన్ని వాడే యోగ్యత కూడా పాఠంగా నేర్పాలి. ఏది నమ్మాలి, ఎంతసేపు చూడాలి, చూసిందాన్ని ఎలా సరిచూసుకోవాలి, ఎవరి సమాచారం ఎవరి చేతికి పోతోంది అన్నవి పీయూసీ మొదటి ఏడాదిలోనే పాఠాలు కావాలి. నిషేధం వల్ల వచ్చేది విధేయత, అది గేటు దాకానే ఉంటుంది. కలిసి చదివే గదులను, విద్యార్థులే నడిపే సర్వర్లను, వారి పత్రికలను కాపాడటం వైఫై వేగం పెంచడమంత అవసరం.

మూడోది ఊరికి, ప్రభుత్వానికి. 1948లో మద్రాసు రాష్ట్రం స్వతంత్ర భారతంలో తొలి ప్రజా గ్రంథాలయ చట్టం చేసింది. 1960లో మన రాష్ట్ర చట్టం వచ్చింది. ఆ చట్టం ప్రకారం ఇంటి పన్నులో రూపాయికి 8 పైసలు గ్రంథాలయ పన్నుగా మనందరం కడుతున్నాం. స్థానిక సంస్థల దగ్గర ఆ సొమ్ము బకాయిలుగా నిలిచిపోవడం ఎన్నాళ్లుగానో ఉన్న జబ్బు. అది కదిలి, శాఖా గ్రంథాలయాల్లో పుస్తకంతోపాటు పది కంప్యూటర్లు, ఒక నిశ్శబ్దమైన గది, రాత్రి తొమ్మిది దాకా వెలిగే దీపం ఉంటే, సెలవులకు ఇంటికి వచ్చిన విద్యార్థికి హాస్టలు ఊళ్లోనే దొరుకుతుంది. ట్రిపుల్ ఐటీ సీటు రాని పిల్లలు వచ్చినవారి కంటే ఎన్నో రెట్లు ఎక్కువ. వారి చదువుకు ఉన్న ఆధారం ఆ గది.

ఈ మూడు పనుల వెనుక ఉన్న సూత్రం నేను మొదట చెప్పినదే. ప్రభుత్వం పరికరం కొని ఇవ్వగలదు. 2022లో ఎనిమిదో తరగతి పిల్లలకు ట్యాబులు ఇచ్చింది కూడా. పరికరం చుట్టూ పదిమందిని కూర్చోబెట్టి, చదివినదాన్ని మాట్లాడించి, మాట్లాడినదాన్ని రాయించే పని మాత్రం ఏ టెండరు ద్వారానూ జరగదు. దాన్ని 1911లో ఇరవై ఏళ్ల యువకులు తమ చందాలతో మొదలుపెట్టారు. నాటి యువకులకు పుస్తకాలు తక్కువ, నిబ్బరం ఎక్కువ. నేటి విద్యార్థులకు వనరులు అనేక రెట్లు ఉన్నాయి. నూజివీడు ప్రయోగం గెలిచిందా అని రేపు ఎవరైనా అడిగితే, ఎన్ని ల్యాప్‌టాపులు పంచారో, ఎందరికి ఉద్యోగాలు వచ్చాయో చెప్పి ఊరుకోకూడదు. ఇక్కడ చదివినవారు తమ భాషలో, తమ ప్రాంతం కోసం, తమ తరువాత వచ్చే పిల్లల కోసం ఏమి రాసి, ఏమి కట్టి వెళ్లారో కూడా చెప్పగలగాలి. ఆ జవాబు ఇవ్వవలసిన బాధ్యత ఈ సభలో కూర్చున్న విద్యార్థుల మీద ఎంత ఉందో, వారికి చోటు, సమయం, గౌరవం ఇవ్వవలసిన మన మీద అంతకంటే ఎక్కువ ఉంది.